నల్లమల అంచున హన్నమ్మలు

మూడు వేల ఏళ్ల నాటి ఒక హీబ్రూ ఇల్లాలి పేరు కర్నూలు మెట్ట పల్లెలకు ఎట్లా వచ్చింది? వచ్చి ఇక్కడి ఆడవాళ్లకు ఏమిచ్చింది?

కర్నూలు నుంచి శ్రీశైలం పోయే బస్సు నందికొట్కూరు దాటి ఆత్మకూరులో ఆగుతుంది. ఆపైన బైర్లూటి, ఇక నల్లమలే. ఉగాది వస్తే కన్నడ భక్తులు ఆత్మకూరు మీదుగానే వెంకటాపురం చేరి, నాగలూటి, పెచ్చెరువు దారిన మల్లన్న దగ్గరికి నడుస్తారు. ఈ చుట్టుపక్కల ఆడవాళ్ల పేర్లు వింటే చాలు, ఏ ఇల్లు ఏ గుడి వైపు చూస్తుందో తెలిసిపోతుంది. మల్లమ్మ, శివమ్మ శ్రీశైలం వైపు. ఓబులమ్మ, నరసమ్మ అహోబిలం వైపు. మద్దమ్మ మద్దిలేటి స్వామి వైపు. సుంకులమ్మ ఊరి పొలిమేర దేవత పేరు. మస్తానమ్మ, హుసేనమ్మ, దస్తగిరమ్మ అన్న పేర్లు హిందువుల ఇళ్లలోనూ ఉన్నాయి. బిడ్డ కోసం తల్లి దర్గాలో మొక్కుకున్న గుర్తులవి. వీళ్లందరి మధ్యనే సారమ్మ, రూతమ్మ, ఎస్తేరమ్మ, రాహేలమ్మ, మార్తమ్మ ఉన్నారు. హన్నమ్మ ఉంది.

ఈ కథనం హన్నమ్మ గురించి. ఇప్పుడది జేజిల పేరు. ప్రార్థనకు వచ్చిన ముసలివాళ్లలో వినబడుతుంది, బడికి పోయే పిల్లల్లో వినబడటం అరుదు. పల్లె నోటిలో 'హ' నిలవదు కాబట్టి రేషన్ కార్డులోనో, ఓటర్ల జాబితాలోనో అన్నమ్మ అయిపోతుంది. అన్నపూర్ణను ముద్దుగా పిలిచే అన్నమ్మ, బైబిల్లోని హన్నా నుంచి వచ్చిన అన్నమ్మ ఒకే వరుసలో నిలబడతారు. రాసుకున్న గుమాస్తాకు తేడా తెలియదు. చాలాసార్లు మనవళ్లకూ తెలియదు.

ఆ తేడా తెలియాలంటే ముందు ఆమె కథ వినాలి.

బైబిల్ పాత నిబంధనలో సమూయేలు మొదటి గ్రంథం హన్నాతోనే మొదలవుతుంది. ఎఫ్రాయిము కొండసీమలో ఎల్కానా అనే అతనికి ఇద్దరు భార్యలు. పెనిన్నాకు పిల్లలున్నారు, హన్నాకు లేరు. ఏటేటా కుటుంబమంతా షిలోహులోని మందిరానికి యాత్ర పోయేది. పోయిన ప్రతిసారీ సవతి దెప్పుతుంది, హన్నా అన్నం మానేసి ఏడుస్తుంది. మొగుడు మంచివాడే. పదిమంది కొడుకుల కన్నా నేను నీకు ఎక్కువ కాదా అని ఊరడిస్తాడు. ఆమె దుఃఖం అతనికి అందలేదని ఆ ఒక్క ప్రశ్నలోనే తెలుస్తుంది. రాయలసీమలో గొడ్రాలు అన్న మాట పడిన ఆడమనిషికి ఈ కథకు వ్యాఖ్యానం అక్కర్లేదు. పెళ్లిలో పసుపు కుంకుమలు పంచేటప్పుడు ఆమెను దాటిపోయే చేతులు, పొద్దున్నే ఎదురొస్తే పక్కకు తిరిగే ముఖాలు ఆమెకు తెలుసు.

హన్నా లేచి ఒంటరిగా మందిరానికి పోయింది. మగబిడ్డను ఇస్తే బతికినన్నాళ్లూ నీకే ఇచ్చేస్తానని మొక్కుకుంది. పెదవులు కదులుతున్నాయి, గొంతు బయటికి రావడం లేదు. గుమ్మం దగ్గర కూర్చున్న యాజకుడు ఏలీ అది చూసి, తాగి వచ్చిందనుకుని మందలించాడు. ఆమె బెదరలేదు, తలొంచుకుని వెనక్కి పోలేదు. నేను తాగలేదయ్యా, మనసులో ఉన్న బరువంతా దేవుడి ముందు కుమ్మరించుకుంటున్నాను, నన్ను పనికిమాలిన దాన్నిగా చూడొద్దు అని బదులు చెప్పింది. పూజారి తప్పు దిద్దుకుని దీవించి పంపాడు. గుడి గుమ్మంలో పెద్దమనిషి తనను తప్పుగా చూస్తే సంయమనం తప్పకుండా, మాట తగ్గకుండా నిలబడిన ఆడది ఆమె. నాకు ఆమె మొక్కు కన్నా ఈ జవాబే పెద్దదిగా కనిపిస్తుంది.

బిడ్డ పుట్టాడు. సమూయేలు అని పేరు పెట్టింది తల్లే. దేవుణ్ణి అడిగి కన్నాను కాబట్టి ఆ పేరు అని కారణమూ ఆమే చెప్పింది. పాలు విడిచేదాకా యాత్రకు రానని భర్తతో చెప్పి ఇంట్లోనే ఉండిపోయింది. పాలు మాన్పించాక పిల్లవాణ్ణి తీసుకుపోయి మందిరంలో అప్పగించింది. ఆ తర్వాత ఏటా ఒక చిన్న అంగీ కుట్టి, యాత్రకు పోయినప్పుడు వాడికి ఇచ్చి వచ్చేది. ఏడాదికి ఒక అంగీ అంటే, కళ్ల ముందు లేని బిడ్డ ఎంత ఎదిగి ఉంటాడో ఊహించి కుట్టాలి. తర్వాత ఆమెకు ముగ్గురు కొడుకులు, ఇద్దరు కూతుళ్లు కలిగారు. మందిరంలో వదిలిన కొడుకు ప్రవక్త అయ్యాడు. ఇశ్రాయేలు మొదటి ఇద్దరు రాజులు సౌలుకు, దావీదుకు అభిషేకం చేసింది అతనే.

యూదులు హన్నాను ప్రార్థనకు గురువుగా చూస్తారు. పెదవులు కదలాలి, గొంతు పైకి రాకూడదు, మనసు అక్కడే ఉండాలి అన్న నియమాలను తాల్ముదు ఆమెను చూసే తీసింది. సైన్యాలకు అధిపతి అని దేవుణ్ణి మొదట పిలిచిన మనిషి ఆమేనని, ఏడుగురు ప్రవక్త్రుల్లో ఆమె ఒకతె అని కూడా అదే గ్రంథం చెబుతుంది. యూదుల కొత్త సంవత్సరం రోష్ హషానా మొదటి రోజున సమాజమందిరాల్లో ఇప్పటికీ ఆమె కథ చదువుతారు.

హీబ్రూలో హన్నా అంటే కృప, దయ. యోహాను అన్న పేరులోనూ ఈ ధాతువే ఉంది: దేవుడు దయచూపాడు అని అర్థం. కాబట్టి ఊళ్లో యోహాను, జాన్, హన్నమ్మ, అన్నమ్మ పేర్లు నలుగురివైనా వేరు ఒకటే. తెలుగు క్రైస్తవులు అర్థాన్ని పట్టుకుని తమ సొంత పేర్లూ చేసుకున్నారు. మన కృపమ్మ, కృపావతి, దయామణి, కరుణమ్మ అందరూ హన్నాకు చెల్లెళ్లే.

ఈ పేరు ప్రపంచం చుట్టింది. గ్రీకులో అన్న అయింది. లూకా సువార్తలో ముసలి వితంతువు, ప్రవక్త్రి, పనూయేలు కూతురు అన్న కనిపిస్తుంది. క్రీస్తు తర్వాత రెండో శతాబ్దపు ఒక గ్రంథం మరియమ్మ తల్లికి కూడా అన్న అనే పేరు చెప్పింది. పిల్లల్లేక ఏడ్చి దేవుణ్ణి అడిగి కన్న తల్లిగా ఆమె కథనూ హన్నా కథ పోలికలోనే అల్లింది. కథోలికుల పునీత అన్నమ్మ ఆమే. 1871లో సికింద్రాబాదులో మొదలై తెలుగునాట పలుచోట్ల నడుస్తున్న సెయింట్ ఆన్స్ బడుల పేరు ఈ హీబ్రూ పేరే. వాటిలో చదివి లక్షణంగా స్థిరపడ్డ ఆడపిల్లల్లో ఎందరికి ఆ సంగతి తెలుసో! కేరళ సిరియన్ క్రైస్తవుల ఇళ్లలో అన్నమ్మ ఉండనే ఉంది. ముస్లింల సంప్రదాయంలోనూ మర్యమ్ తల్లి పేరు హన్నాయే. ఖురాన్‌లో ఆమె పేరు చెప్పకుండా ఇమ్రాన్ భార్య అన్నారు. కడుపులో ఉన్న బిడ్డను దేవుడికి మొక్కుకోవడం, పుట్టింది ఆడపిల్లయితే మర్యమ్ అని తానే పేరు పెట్టడం మూడో సూరాలో ఉంది. ఆత్మకూరు ముస్లిం ఇళ్లలో మరియంబీ, సారాబీ, హాజిరాబీ, హవ్వాబీ అన్న పేర్లు ఎట్లా వచ్చాయో ఇప్పుడు వేరే చెప్పక్కర్లేదు. పాలస్తీనా పేర్లు ఈ ఊరికి రెండు దారుల్లో వచ్చాయి. అరబ్బీ, ఫారసీల మీదుగా వచ్చిన దారి పాతది. తెలుగు బైబిల్ దారి కొత్తది.

ఆ కొత్త దారికి కూడా రెండు వందల ఏళ్లు దాటాయి. బెంజమిన్ షుల్జ్ 18వ శతాబ్దంలోనే బైబిల్‌ను తెలుగు చేశాడు గానీ అది అచ్చు కాలేదు. విశాఖపట్నంలో లండన్ మిషన్‌కు చెందిన డెస్ గ్రాంజెస్, ఆయనకు సాయపడిన తెలుగు బ్రాహ్మణుడు ఆనందరాయరు కలిసి చేసిన సువార్తలు 1812లో బెంగాలు శ్రీరాంపురంలో అచ్చయ్యాయి. అదే ఏడు మార్చిలో అక్కడి అచ్చుకూటం తగలబడి ఎన్నో భారతీయ లిపుల అచ్చులు కరిగిపోయాయి. ఆ శ్రీరాంపురంలోనే 1800 నుంచి ఆడపిల్లలకు బడి నడిపిన మిషనరీ ఇల్లాలి పేరు హన్నా మార్ష్‌మన్. 1850లకు వచ్చేసరికి పాత, కొత్త నిబంధనలు రెండూ తెలుగులో అచ్చయ్యాయి. జాన్ హే, వార్డ్‌లా వంటివాళ్లు విశాఖలో కూర్చుని ఆ పనికి ఏళ్లు ధారపోశారు.

ఇక్కడ ఒక విశేషం చెప్పాలి. తెలుగు బైబిల్ చేసినవాళ్లు పాత నిబంధన పేర్లను ఇంగ్లీషు పలుకుబడిలో దించలేదు, హీబ్రూకు దగ్గరగా రాశారు. ఇంగ్లీషులో రెబెకా అయిన పేరు తెలుగులో రిబ్కా. రేచెల్ మనకు రాహేలు. ఈవ్ మనకు హవ్వ. అందుకే అక్షరం రాని నల్లమల పల్లె జేజి రాహేలు, రిబ్కా అన్నప్పుడు లండన్ దొరసాని కన్నా యెరూషలేముకు దగ్గరగా పలికింది.

కర్నూలు 1839 దాకా నవాబుల చేతిలో ఉంది, మిషన్లు ఇటు రావడం ఆ తర్వాతే. కడపలో లండన్ మిషన్ 1822లోనే మొదలైంది. ముత్యాలపాడు, కలసపాడు, నంద్యాల వైపు ఆంగ్లికన్ల ఎస్.పి.జి. మిషన్ పాతుకుంది, నంద్యాల ఎస్.పి.జి. హైస్కూలు పేరు ఆ గుర్తే. కర్నూలులో అమెరికన్ బాప్టిస్టులు 1870లలో దిగారు, కోల్స్ హైస్కూలు వాళ్లది. దేవుడొక్కడే అయినా పేరు పెట్టే పద్ధతి ఈ రెండు వైపులా వేరు. ఆంగ్లికన్ల దగ్గర చంటిబిడ్డకే బాప్తిస్మం, పేరూ అప్పుడే. బాప్టిస్టుల దగ్గర తెలివి వచ్చాక, ఒప్పుకుని నీళ్లలో మునిగితేనే బాప్తిస్మం. కొత్త పేరు కావాలనుకునే మనిషి ఇరవై ఏళ్లకో నలభై ఏళ్లకో తానే తీసుకోవచ్చు. చంటిబిడ్డలకు వాళ్లు చేసేది ప్రతిష్ఠ: బిడ్డను తెచ్చి దేవుడి చేతిలో పెట్టడం. ఆ రోజు పాస్టరుగారు ఎక్కువగా చదివేది హన్నా సమూయేలును అప్పగించిన అధ్యాయమే. మన ఇళ్లలో ఇందరు సమూయేళ్లు ఉండటానికి అది ఒక కారణం.

ధాత కరువు గురించి చెప్పకుండా ఈ పేర్ల చరిత్ర పూర్తి కాదు. 1876-78 నాటి ఆ కరువు కర్నూలు జిల్లాను నేలమట్టం చేసింది. 1871, 1881 జనాభా లెక్కలను పక్కపక్కన పెడితే జిల్లా జనంలో దాదాపు నాలుగో వంతు కనబడరు. నల్లమలకు అవతల ఒంగోలులో అమెరికన్ బాప్టిస్టు మిషనరీ జాన్ క్లౌ బకింగ్‌హాం కాలువలో మూడు మైళ్ల తవ్వకం పని తీసుకుని కూలీలకు పనిపెట్టాడు. పని నడిచినన్నాళ్లూ, అన్నం కోసం వచ్చారన్న మాట రాకూడదని బాప్తిస్మాలు ఆపేశాడు. ఆపి ఉంచిన ఆ జనం 1878 జులై 3న వెల్లంపల్లి దగ్గర గుండ్లకమ్మలోకి దిగారు. ఒక్క రోజులో 2,222 మంది. వాళ్లలో అత్యధికులు మాదిగలు. ఆ గుండ్లకమ్మ పుట్టేది మన నల్లమలలోనే, గుండ్ల బ్రహ్మేశ్వరం దగ్గర.

ఆ జనం పేర్లు మార్చుకోవడంలో ఏమి వెతుక్కున్నారు? నా ఉద్దేశంలో జవాబు ఊరు వాళ్లను పిలిచిన తీరులో ఉంది. మాలగేరి, మాదిగగేరి ఆడవాళ్లను ఊరు నిండు పేరుతో పిలిచేది కాదు. ఓబులమ్మ ఓబి అయ్యేది, మారెమ్మ మారి, గంగమ్మ గంగి. మగవాళ్లకు పేరు చివర గాడు. పేరులో అమ్మ ఉన్నా దాన్ని ఊరి నోట అనిపించుకునే హక్కు వాళ్లకు లేదు. చర్చి రిజిస్టరులో మాత్రం నిండు పేరు రాశారు. ఆదివారం ఉపదేశి పదిమందిలో నిండు పేరు పెట్టి పిలిచాడు. బైబిల్లో ఉన్నది హన్నా మాత్రమే. అందులో అమ్మను దొరలు చేర్చలేదు, మనవాళ్లే తగిలించుకున్నారు. సారా సారమ్మ అయింది, రూతు రూతమ్మ అయింది, లేయా లేయమ్మ అయింది. మూడు వేల ఏళ్ల హీబ్రూ పేరుకు తెలుగు గౌరవం జోడించి, ఇక నన్ను ఇట్లా పిలవాలి అని చెప్పుకున్నారు. రాయలసీమ దళిత స్త్రీల చరిత్రలో ఈ చిన్న పనికి దక్కాల్సిన చోటు ఇంకా దక్కలేదని నేను గట్టిగా నమ్ముతున్నాను.

హన్నా పేరునే ఎందుకు ఎంచుకున్నారన్నదానికి ఆమె పాట చూడాలి. బిడ్డను అప్పగించాక ఆమె పాడిన పాట బిడ్డ గురించి కాదు. బలవంతుల విల్లు విరగడం గురించి, అన్నం ఉన్నవాళ్లు కూలికి పోవడం గురించి, ఆకలిగొన్నవాళ్ల కడుపు నిండటం గురించి. లేనివాణ్ణి దుమ్ములోంచి, పెంటకుప్ప మీదనుంచి లేపి దొరల వరుసలో కూర్చోబెట్టే దేవుడి గురించి. కొత్త నిబంధనలో మరియమ్మ పాట దీని అడుగుల్లోనే నడుస్తుంది. ఊరవతల, పెంటదిబ్బల పక్కన ఇల్లు కట్టుకోనిచ్చిన మనుషులు ఆ మాట విని ఎట్లా ఊరుకుంటారు? మన పల్లెల్లో వరసగా బిడ్డలు పోతే, నిలిచిన బిడ్డను పెంట మీద పొర్లించి పెంటమ్మ, పెంటయ్య అని పేరు పెట్టేవాళ్లు. దిష్టి తగలకుండా, చావు కన్ను పడకుండా తల్లి ప్రేమతో చేసిన పని అది. పెంటమ్మ కూతురు హన్నమ్మ అయిన ఇళ్లలో ఆ పాట రెండు తరాల మధ్య జరిగిన కథే.

ఆ పేరు మళ్లీ దాక్కోవలసి వచ్చిన కారణం చట్టంలో ఉంది. 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు ప్రకారం షెడ్యూల్డు కులాల హోదా హిందువులకే. 1956లో సిక్కులను, 1990లో బౌద్ధులను చేర్చారు, క్రైస్తవులను చేర్చలేదు. ఆంధ్రప్రదేశ్‌లో క్రైస్తవంలోకి మారిన దళితులు బీసీ-సీ కింద, ఒక్క శాతం రిజర్వేషన్‌లో ఉన్నారు. వాళ్లకు ఎస్సీ హోదా ఇవ్వాలని రాష్ట్ర శాసనసభ 2023 మార్చిలో తీర్మానం చేసి కేంద్రానికి పంపింది. 1950 నాటి ఆ ఉత్తర్వు వల్ల ఎన్నో ఇళ్లలో మనిషికి రెండు పేర్లు: బడి రికార్డులో ఒకటి, ప్రార్థనలో ఒకటి. దీన్ని మోసమని తేలిగ్గా కొట్టేసేవాళ్లున్నారు. నేను అట్లా అనలేను. మతం మారినా గేరి మారలేదు, కూలి మారలేదు, బావి దగ్గర చూపు మారలేదు. బిడ్డ చదువు కోసం తల్లి తనకు ఇష్టమైన పేరును బీరువాలో దాచుకోవాల్సి వస్తే, ఆలోచించుకోవాల్సింది ఆ తల్లి కాదు.

చట్టం ఒక వైపు, కాలపు మోజు మరొక వైపు. ఇప్పటి పిల్లలు బ్లెస్సీ, జెస్సీ, షారోన్, ఏంజెల్. వాటి మీద నాకు కోపం లేదు. కానీ మనం పాతదని వదిలేసిన పేరును ప్రపంచం నెత్తిన పెట్టుకుంది. 1998 నుంచి 2000 దాకా అమెరికాలో పుట్టిన ఆడపిల్లల పేర్లలో హన్నాది రెండో స్థానం. గుంటూరు జిల్లా చేబ్రోలు దగ్గర కొత్తరెడ్డిపాలెంలో, మాదిగ మూలాలున్న బెనే ఎఫ్రాయిము సమాజం తాము ఎఫ్రాయిము గోత్ర సంతతి అన్న నమ్మకంతో సమాజమందిరం కట్టుకుని, హీబ్రూ నేర్చుకుని, శనివారం విశ్రాంతి దినం పాటిస్తోంది. హన్నా మెట్టినిల్లు కూడా ఎఫ్రాయిము కొండసీమలోదే కదా. తెలుగు దళితులకు ఈ పేర్లతో ఉన్న బంధం ఎంత లోతుకు పోగలదో చెప్పడానికి ఆ ఒక్క పల్లె చాలు.

పాత సంఘాల బాప్తిస్మ రిజిస్టర్లలో ఈ పేర్లన్నీ ఉన్నాయి. భూమి పత్రాల్లో ఎక్కని, శాసనాల్లో ఎక్కని ఆడవాళ్లు నిండు పేరుతో కనిపించే తొలి కాగితాలు అవే. చెదలు, తేమ వాటిని ఆగకుండా తింటున్నాయి. పాస్టర్లకు, సంఘ పెద్దలకు నా మనవి: సెల్‌ఫోనుతోనైనా పేజీ పేజీకి ఫొటో తీసి పెట్టండి. ఇంట్లో మనవళ్లకు, మనవరాళ్లకు మరో మనవి: మీ జేజి పేరు కార్డులో అన్నమ్మ అని ఉంటే, ఆమెను కూర్చోబెట్టి ఆ పేరు ఎవరు పెట్టారు, ఎప్పుడు పెట్టారు, అంతకు ముందు వాళ్లమ్మను ఊరు ఏమని పిలిచేది అని అడగండి. చెప్పింది చెప్పినట్టు తేదీ వేసి రాసుకోండి. రాసేటప్పుడు హన్నమ్మ అని 'హ'తో రాయండి.